తెనాలి రామకృష్ణుడికి హీరోయిన్ కావాలంట

మొన్న రాజోలు దగ్గర మా కొబ్బరితోటలోకి ఒక కుర్ర డైరెక్టర్ లొకేషన్ చూసుకుంటూ దిగాడు. ఏం తీస్తున్నారు బాబూ అంటే తెనాలి రామకృష్ణుడి కథండి, లవ్ ట్రాక్ కలిపి కొత్తగా చెప్తున్నాం అన్నాడు. తుంగభద్ర ఒడ్డు మనిషికి మా గోదారి పాయలో పడవ మీద డ్యూయెట్ ఏంటని అడగబోయి ఊరుకున్నా, తెలుగు సినిమాలో ప్రేమ కోనసీమ దాటి పుట్టకూడదని రూలు ఉన్నట్టుంది మరి.

సరే, ఇది చాలా సీరియస్ విషయం. సుమారు 500 ఏళ్లుగా ఈయన లవ్ ట్రాక్ లేకుండా ఎలా నెట్టుకొచ్చాడో తల్చుకుంటే కడుపు తరుక్కుపోతోంది. వెయ్యి తలలతో కాళికాదేవి ప్రత్యక్షమైతే, జలుబు చేస్తే ఇన్ని ముక్కులూ ఎలా చీదుకుంటావమ్మా అని నవ్విన మనిషండి! ఈ కొత్త కథల్లో మాత్రం హీరోయిన్ కనపడగానే బుర్ర మూలన పెట్టేసి గెడ్డం పెంచి వానలో తడుస్తాడు. వికటకవి ఎటునుంచి చదివినా వికటకవే, ఈయన ఎటునుంచి చదివినా భగ్నప్రేమికుడే.

పోనీ ఆయనకి ఇలాంటివి తెలీవా అంటే, ఆయనే రాసిన పాండురంగ మాహాత్మ్యంలో నిగమశర్మని చూడండి, బుద్ధి చెప్పడానికొచ్చిన అక్క ముక్కరతో సహా ఇంట్లో నగలన్నీ ఊడ్చుకుపోయిన జల్సారాయుడు. అంటే తిరుగుళ్ల గురించి ఆయనకి బాగానే తెలుసు.

అసలు ప్రేమకథ వంకాయలో ఉందండి. రాయలవారి తోటలో వంకాయ ముట్టుకుంటే తల తీసేస్తారు, అయినా ఇంటావిడ తినాలని ఉందనేసరికి ఈయన రాత్రిపూట గోడ దూకి కోసుకొచ్చాడు. ఆవిడ కూర వండింది గానీ పిల్లాడికి పెట్టకుండా ముద్ద దిగలేదు, అందుకని మేడ మీద పడుకున్నవాడి మీద చెంబుడు నీళ్లు పోసి, వానొచ్చింది లేరా నాన్నా అని కిందకి తెచ్చి, బట్టలు మార్చి తినిపించారు. తెల్లారి విచారణలో వాడు వానొచ్చింది, వంకాయకూర తిన్నాను అంటే, చుక్క వాన లేదు, కలగన్నాడని వదిలేశారు. వాన సీను కావాలన్నారుగా, ఇంతకంటేనా?

మా వైపు మగాళ్లకి ఇది వెంటనే ఎక్కుతుంది. పుస్తెలమ్మైనా పులస తినాలనే ఊళ్లు మావి, మా బాబాయి పులస తెచ్చి రేటు చెప్పకుండా అరుగు మీద కూర్చుంటాడు, పిన్ని కూడా అడగదు, దాకలో బెండకాయలు వేస్తూ ఓసారి ఇటు చూస్తుంది అంతే.

ఇదంతా చెప్తే డైరెక్టర్ శ్రద్ధగా విని, ఫోన్‌లో ఏదో రాసుకుని, కాస్త కంగారుగా అడిగాడు.

"అయితే ఆయనకి పెళ్లయిపోయిందాండీ?"