మునుగోడు ఓటరుకు ఉన్న హక్కు రాజ్యసభ సీటు విషయంలో ఎవరికీ లేదు

రాజ్యసభ సభ్యుడు రాజీనామా ఇవ్వడం, కండువా మార్చుకోవడం, నాలుగు నెలలు తిరక్కుండా అదే సీట్లో కొత్త పార్టీ తరఫున కూర్చోవడం మన దగ్గర మామూలు వార్త అయిపోయింది. పేపర్లో లోపలి పేజీలో రెండు కాలాల వార్త వస్తుంది, 'ఏకగ్రీవం' అని రాస్తారు, అక్కడితో సరి. ఇందులో చట్టవిరుద్ధం ఏదీ లేదు. అసలు బాధ అదే. పెద్దల సభను ఏ లెక్క మీద కట్టారో ఆ లెక్కనే ఈ పద్ధతి తలకిందులు చేస్తోంది.

ఆ లెక్క ముందు చూద్దాం. ఆంధ్రప్రదేశ్‌కు 11 సీట్లు, తెలంగాణకు 7. ఒక్కో సభ్యుడికి ఆరేళ్లు. రెండేళ్లకోసారి దాదాపు మూడో వంతు మంది దిగిపోతారు, వాళ్ల స్థానాలకు ఎమ్మెల్యేలు ఓటేస్తారు. ఎమ్మెల్సీలకు ఓటు లేదు, నామినేటెడ్ ఎమ్మెల్యేకూ లేదు. ఎన్నికైన ఎమ్మెల్యేలకే ఉంది. రాజ్యాంగం 80వ అధికరణం ఇక్కడ ఒక షరతు పెట్టింది: ఎన్నిక నిష్పత్తి ప్రాతినిధ్యం ప్రకారం, బదిలీ అయ్యే ఒకే ఓటుతో, అంటే అభ్యర్థులకు 1, 2, 3 అని ప్రాధాన్య అంకెలు వేసే పద్ధతిలో, జరగాలి. మెజారిటీ ఉన్నవాడే అన్నీ ఎత్తుకుపోకుండా, గణనీయమైన బలం ఉన్న ప్రతిపక్షానికీ వాటా దక్కాలన్నది ఆ షరతు ఉద్దేశం.

ఆంధ్రప్రదేశ్‌లో 175 మంది ఎమ్మెల్యేలు. ఒకటి కంటే ఎక్కువ సీట్లకు ఎన్నిక జరిగితే ఒక్కో ఓటు విలువ 100గా లెక్కిస్తారు. చెల్లిన ఓట్ల మొత్తం విలువను సీట్ల సంఖ్యకు ఒకటి కలిపి భాగించి, వచ్చిన దానికి మళ్లీ ఒకటి కలుపుతారు. నాలుగు సీట్లకైతే 17,500ను 5తో భాగిస్తే 3,500, ఒకటి కలిపితే 3,501. అంటే 36 మొదటి ప్రాధాన్య ఓట్లుంటే సీటు ఖాయం. మూడు సీట్లకైతే 44 కావాలి, రెండింటికైతే 59. ఒక్క సీటుకే ఎన్నిక జరిగితే ఓటు విలువ 1, గెలవడానికి 88 కావాలి. ఈ చివరి అంకె దగ్గర ఆగి ఆలోచించండి. 88 అంటే సభలో మెజారిటీ. నాలుగు సీట్లు కలిపి పెడితే 36 మంది ఉన్న పార్టీ కూడా ఒకరిని ఢిల్లీకి పంపగలదు. అవే నాలుగు విడివిడిగా పెడితే 87 మంది ఉన్న పార్టీకి కూడా దక్కేది సున్నా.

ఉప ఎన్నికలు ఎప్పుడూ విడివిడిగానే పెడతారు. ఒకే రోజు పోలింగ్, ఒకే భవనం, ఓటేసేదీ అదే ఎమ్మెల్యేలు. కానీ ఒక్కో ఖాళీకి ఒక్కో నోటిఫికేషన్, ఒక్కో బ్యాలట్.

దీని ఫలితం గుజరాత్‌లో కళ్లకు కట్టినట్టు కనిపించింది. 2017 ఆగస్టు 8న అక్కడ మూడు సీట్లకు కలిపి ఎన్నిక జరిగింది. 176 ఓట్లు పడ్డాయి, గెలవాలంటే 45 కావాలి. ఇద్దరు కాంగ్రెస్ ఎమ్మెల్యేలు తమ బ్యాలట్‌ను సొంత పార్టీ ఏజెంటుకే కాక ఎదుటి పార్టీ వాళ్లకూ చూపించారని ఎన్నికల సంఘం ఆ రెండు ఓట్లను రద్దు చేసింది. చెల్లినవి 174కు తగ్గడంతో కోటా 44కు దిగింది. అహ్మద్ పటేల్‌కు వచ్చినవి సరిగ్గా 44. అంత పెనుగులాడినా, మూడింటిలో ఒకటి ప్రతిపక్షానికి దక్కిందంటే కారణం మూడూ కలిపి పెట్టడమే. అదే ఎన్నికలో గెలిచిన అమిత్ షా, స్మృతి ఇరానీ 2019లో లోక్‌సభకు వెళ్లారు. రెండు ఖాళీలు, ఒకే గడువు. కలిపి పెడితే 182 మంది సభ నిండుగా ఉన్నా 61 ఓట్లు చాలు. కాంగ్రెస్‌కు అప్పుడు 70 మందికి పైగా ఉన్నారు. ఎన్నికల సంఘం మాత్రం వేర్వేరు ఖాళీలంటూ వేర్వేరు ఎన్నికలే పెట్టింది. నోటిఫికేషన్ వచ్చాక జోక్యం చేసుకోలేమని సుప్రీంకోర్టు పక్కకు తప్పుకుంది. రెండూ బీజేపీకే పోయాయి.

ఇక మన సంగతి. 2019లో వచ్చిన అసెంబ్లీ 2020, 2022, 2024 మూడు విడతల సీట్లనూ నింపింది కాబట్టి 2024 ఏప్రిల్ నాటికి ఆంధ్రప్రదేశ్ సీట్లు 11కి 11 వైకాపా చేతిలో ఉన్నాయి. 151 మంది ఎమ్మెల్యేలతో న్యాయంగా వచ్చిన సంఖ్యే అది. 2020 జూన్‌లో తెదేపా పోటీ పెట్టినా వర్ల రామయ్యకు 17 ఓట్లే పడ్డాయి, వైకాపా నలుగురికీ తలా 38 వచ్చాయి. 2024 జూన్‌లో ప్రభుత్వం మారింది. తెదేపా, జనసేన, బీజేపీ కూటమికి 164, వైకాపాకు 11. రాజ్యాంగం ఊహించిన ప్రకారం ఈ కొత్త తీర్పు రాజ్యసభకు మెల్లగా చేరాలి: 2026లో నాలుగు సీట్లు, 2028లో నాలుగు, 2030లో మూడు. పాత అసెంబ్లీ తీర్పు కొంతకాలం నిలిచి ఉండటమే పెద్దల సభకు అర్థం. ఒక్క ఊపులో వచ్చిన మెజారిటీకి ఢిల్లీలో కొంచెం అడ్డు ఉండాలనే విడతలు పెట్టారు.

జరిగింది వేరు. వైకాపా రాజ్యసభ సభ్యులు మోపిదేవి వెంకటరమణ, బీద మస్తాన్‌రావు, ఆర్.కృష్ణయ్య వరుసగా రాజీనామా చేశారు. డిసెంబరులో మస్తాన్‌రావు తెదేపా నుంచి, కృష్ణయ్య బీజేపీ నుంచి మళ్లీ ఎన్నికయ్యారు, సానా సతీశ్ మోపిదేవి స్థానంలోకి వచ్చారు. ముగ్గురూ ఏకగ్రీవం. 2025 జనవరిలో విజయసాయిరెడ్డి రాజీనామా, ఆ సీటు బీజేపీకి. 2020, 2022 నాటి ఎమ్మెల్యేలు ఆరేళ్లకు ఇచ్చిన తీర్పును 2024 నాటి ఎమ్మెల్యేలు మధ్యలోనే తిరగరాశారు. తెలంగాణలో కేశవరావు 2024 జులైలో రాజీనామా చేస్తే, 2020లో తెరాస ఎమ్మెల్యేలు నింపిన ఆ సీటు ఆగస్టులో కాంగ్రెస్ తరఫున అభిషేక్ సింఘ్వీకి వెళ్లింది.

ఇది ఒక్క పార్టీ చేసే పనీ కాదు. 2019 జూన్‌లో తెదేపా రాజ్యసభ సభ్యులు ఆరుగురిలో నలుగురు బీజేపీలో విలీనమయ్యారు. ఆరులో నాలుగు సరిగ్గా మూడింట రెండు వంతులు, ఫిరాయింపు వేటు తప్పాలంటే రాజ్యాంగం పదో షెడ్యూలు అడిగే సంఖ్య అదే. అప్పుడు కేకలు పెట్టిన వాళ్లు ఇప్పుడు మౌనం, ఇప్పుడు గగ్గోలు పెట్టేవాళ్లు అప్పుడు మౌనం.

"ఎమ్మెల్యేలు రాజీనామా చేసి వేరే పార్టీ నుంచి పోటీ చెయ్యట్లేదా?" అంటారు. చేస్తున్నారు. 2021లో ఈటల రాజేందర్ హుజూరాబాద్‌లో జనం దగ్గరికి వెళ్లి గెలిచారు. 2022లో మునుగోడులో కోమటిరెడ్డి రాజగోపాల్‌రెడ్డి వెళ్లి ఓడిపోయారు. పార్టీ మారడం నచ్చిందో లేదో చెప్పడానికి అక్కడ లక్షల మంది ఓటర్లున్నారు. రాజ్యసభ సీటుకు ఆ పరీక్ష లేదు. ఎవరి దగ్గరికి వెళ్లాడో ఆ పార్టీ ఎమ్మెల్యేలే తీర్పరులు. వచ్చినవాడికి సీటు ఇస్తామని ముందే మాట అయిపోయాక ఇక ఎన్నిక ఎక్కడిది?

ఎమ్మెల్యే అడ్డుకోగలడా అంటే, కాగితం మీద గలడు. రాజ్యసభ ఎన్నికలో పార్టీకి వ్యతిరేకంగా ఓటేస్తే పదో షెడ్యూలు కింద అనర్హత రాదని 2006లోనే సుప్రీంకోర్టు చెప్పింది. కానీ 2003 సవరణతో బ్యాలట్ బహిరంగమైంది. రిటర్నింగ్ అధికారి ఇచ్చిన ఊదా రంగు స్కెచ్ పెన్నుతోనే అంకె వేయాలి, మడిచి పెట్టెలో వేసేముందు పార్టీ ఏజెంటుకు చూపాలి. చూపకపోతే ఓటు రద్దు. అంకె బదులు టిక్కు పెట్టినా రద్దే. ఏజెంటు కళ్లముందు ఎదురు ఓటు వేసే ధైర్యం ఎందరికుంటుంది?

బయటివాళ్లు నామినేషన్ వేయాలన్నా పది మంది ఎమ్మెల్యేలు ప్రతిపాదించాలి. పదివేల డిపాజిట్ పెద్ద విషయం కాదు, ఆ పది సంతకాలే గోడ. 2023లో ఎనిమిది సీట్లు గెలిచిన తెలంగాణ బీజేపీ సొంత బలంతో నామినేషన్ వేసే వీలు కూడా లేదు. ఈ ఏకగ్రీవాలన్నీ అందరి సమ్మతితో వచ్చినవని అనుకోవద్దు. చిన్న పార్టీలకు పోటీకి తలుపే లేదు.

ఇదంతా పట్టించుకోవాలా అనుకునేవాళ్లకు 2014 ఫిబ్రవరి 20 గుర్తుచేయాలి. విభజన బిల్లు చివరి మెట్టు రాజ్యసభే. ప్రత్యేక హోదా ఐదేళ్లు ఇస్తామని ప్రధాని మన్మోహన్‌సింగ్ చెప్పింది ఆ సభలోనే. పదేళ్లు కావాలని పట్టుబట్టిన వెంకయ్యనాయుడు అప్పుడు కర్ణాటక సీటు నుంచి ఉన్నారు. ఆ రాష్ట్రంలో ఓటరు అయి ఉండాలన్న నిబంధన 2003లో తీసేశారు కాబట్టే పరిమళ్ నత్వానీ గుజరాత్ నుంచి వచ్చి మన సీటు తీసుకోగలిగారు. రాష్ట్ర జాబితాలోని అంశంపై జాతీయ ప్రయోజనం పేరుతో పార్లమెంటు చట్టం చేయాలంటే 249వ అధికరణం కింద ముందు రాజ్యసభే మూడింట రెండు వంతులతో తీర్మానం చేయాలి. రాజ్యాంగ సవరణకు రెండు సభల ఉమ్మడి సమావేశం అన్న దారి లేదు, ఈ సభ విడిగా ఒప్పుకోవాల్సిందే. అక్కడ మారే ఒక్కో సీటుకూ బరువుంది.

సరిదిద్దడం కష్టమేమీ కాదు, రాజ్యాంగ సవరణ కూడా అక్కర్లేదు. ప్రజాప్రాతినిధ్య చట్టం 1951లో ఉప ఎన్నికల సంగతి చెప్పే 147వ సెక్షన్ ఉంది. ఒకే రాష్ట్రంలో ఒకే రోజుతో గడువు ముగిసే ఖాళీలు ఆరు నెలల్లోపు ఒకటికి మించి వస్తే ఒకే బ్యాలట్‌తో నింపాలని అందులో ఒక వాక్యం చేర్చాలి. 2024 డిసెంబరులో మస్తాన్‌రావు, కృష్ణయ్య సీట్లు రెండిటికీ గడువు 2028 జూనే. 11 మంది వైకాపాకు అప్పటికీ దక్కేది కాదు నిజమే. కానీ 60 మంది ఉన్న ప్రతిపక్షానికి రేపు దక్కుతుంది.

రెండోది ఇంకా ముఖ్యం. రాజీనామా చేసిన సభ్యుడు తన పాత పదవీకాలంలో మిగిలిన భాగానికి మళ్లీ అభ్యర్థి కాకూడదు. మనస్సాక్షి చెప్పిందని పార్టీ వదిలితే వదలనివ్వండి, అది ఆయన హక్కు. తర్వాతి ద్వైవార్షిక ఎన్నికలో కొత్త పార్టీ నుంచి రమ్మనండి. అర్హతలు 84వ అధికరణంలో ఉన్నాయి, అదనపు అర్హతలను చట్టంతో పెట్టే అధికారం పార్లమెంటుకు అదే అధికరణం ఇచ్చింది. సొంత సీటుకే తిరిగొచ్చే దారి మూసుకుపోతే ఈ బేరాల్లో సగం అక్కడే ఆగుతాయి. మంత్రులు కాని సభ్యులు పెట్టే ప్రైవేటు బిల్లులకు రాజ్యసభలో శుక్రవారం మధ్యాహ్నాలున్నాయి. మన రెండు రాష్ట్రాల 18 మందిలో ఒక్కరైనా ఈ బిల్లు పెట్టాలి. మీకు తెలిసిన రాజ్యసభ సభ్యుడు ఉంటే, ఏ పార్టీ అయినా సరే, అడగండి.