14 రోజుల నిబంధన గారికి

అయ్యా,

తమరు పోయి అరవై ఏళ్లు దాటాక రాస్తున్నాను. నొచ్చుకోకండి. ఆలస్యమంటే తమకున్న ఇష్టం తెలిసే ఇంతకాలం ఆగాను.

బ్రిటిష్ పార్లమెంటులో రాబోయే 14 రోజుల్లో చర్చకు వచ్చే ఏ విషయం మీదా రేడియోలో, టీవీలో వాదించుకోకూడదు. ఇదీ తమరి శాసనం. 1944లో బీబీసీ తన నోటికి తనే వేసుకున్న తాళం మీరు. 1947లో ప్రభుత్వం, ప్రతిపక్షం కలిసి ఆ తాళాన్ని ఒప్పందంలోకి ఎక్కించాయి. ఇంకెందులోనూ కుదరని ఆ ఇద్దరికీ మీ దగ్గర భలే కుదిరింది!

మీ మడి నాకు అర్థమైంది లెండి. దేవుడికి నైవేద్యం పెట్టకముందే ఎవరూ ఎంగిలి చేయకూడదు. పత్రికలు మాత్రం పొద్దున్నే గిన్నెలో చెయ్యి పెట్టొచ్చు, వాటికి మడి లేదు. టీవీలో 'ఇన్ ది న్యూస్' అనే చర్చా కార్యక్రమంలో బల్ల చుట్టూ మైకేల్ ఫుట్, బూత్‌బీ లాంటి రాజకీయ నాయకులు కూర్చుంటే, వాళ్లకు వడ్డించాల్సింది నిన్నటి చద్దన్నం.

1955 నాటికి బీబీసీకి విసుగొచ్చింది. ఆర్డరేదో కాగితం మీద ఇవ్వండి అంది. పోస్ట్‌మాస్టర్ జనరల్, అంటే ప్రసారాలు కూడా చూసే మంత్రి, చార్లెస్ హిల్ జూలైలో ఇచ్చేశారు. ఆయన అసలు వృత్తి వైద్యం. యుద్ధకాలంలో ఇదే బీబీసీలో 'రేడియో డాక్టర్'. ప్రూన్ పళ్లను 'నల్లకోటు పనివాళ్లు' అని ముద్దుగా పిలుస్తూ, జనానికి కడుపు కదిలే ఉపాయాలు చెప్పిన మనిషి. దేశానికి మలబద్ధకం వదిలించిన చేత్తోనే రేడియోకి మలబద్ధకం రాసిచ్చారు. ఆ ప్రిస్క్రిప్షన్ మీరే.

1956 చివర్లో సూయజ్ కాలువ గొడవ వచ్చింది. ఈజిప్టు మీద బ్రిటిష్ బాంబులు పడుతున్నాయి, పార్లమెంటులో రోజూ అదే రగడ. రోజూ రగడ అంటే మీ లెక్కలో ఆ 14 రోజులు ఎప్పటికీ తీరవు. ఊరంతా మాట్లాడుకునే ఒకే ఒక్క సంగతి స్టూడియోలో మాత్రం నిషిద్ధం. డిసెంబరులో మిమ్మల్ని ఆరు నెలలు 'ప్రయోగంగా' పక్కన కూర్చోబెట్టారు. 1957లో నిరవధికంగా. పార్లమెంటు వాళ్లు దేన్నైనా చంపే పద్ధతి ఇదే కదా, వాయిదా వేయడం.

అన్నట్టు, మీ డాక్టరుగారు 1967లో బీబీసీ గవర్నర్లకే చైర్మన్ అయ్యారు. తాళం వేసినాయనకే ఇల్లు అప్పగించారు. మీరింకో పదేళ్లు ఓపిక పట్టి ఉంటే, గేటు దగ్గర ఏదో ఒక ఉద్యోగం దొరికేది.

ఈ ఉత్తరం పార్లమెంటులో చర్చకు వచ్చే ప్రమాదం లేదు కాబట్టి, ఈ రోజే పోస్టు చేస్తున్నాను.

ఇట్లు,
తమరి వల్ల ఏ నష్టమూ జరగని ఒక ప్రేక్షకుడు