శనివారం ఉగాది: ద్రవ్యలోటు నివారణకు ఒక ప్రతిపాదన

రాష్ట్ర బడ్జెట్ తయారు కావాలంటే నెలల తరబడి కసరత్తు కావాలి. శాఖల ప్రతిపాదనలు, వాటి మీద కోతలు, కోతల మీద అలకలు, చివరికి సొంత పక్షం వాళ్ళు కూడా కునుకు తీసే సుదీర్ఘ ప్రసంగం. ఇంతా చేస్తే ఏడాది తిరిగేసరికి సవరించిన అంచనాలు వస్తాయి. కిరాణా కొట్టులో మేకుకు వేలాడే పంచాంగం మాత్రం పన్నెండు రాశుల ఆదాయ వ్యయాలను ఒక్క పేజీలో తేల్చేస్తుంది. ఒకసారి అచ్చయితే సవరణ ఉండదు. అనుబంధ పద్దులు అడగదు. కాగ్ అభ్యంతరాలకు సమాధానం రాసుకోవలసిన పనీ లేదు.

ఇంత చవకైన యంత్రాంగాన్ని ప్రభుత్వాలు ఎందుకు వాడుకోవడం లేదు? పద్ధతి తెలియక అయి ఉంటుంది. కనుక ముందు పద్ధతి.

గ్రహాలకు అష్టోత్తరీ దశా సంవత్సరాలు, అంటే జ్యోతిషంలో ఒక్కో గ్రహానికి లెక్కగట్టి ఇచ్చిన ఏళ్ళు, ఒక కాగితం మీద రాసుకోవాలి. రవి 6, చంద్రుడు 15, కుజుడు 8, బుధుడు 17, శని 10, గురువు 19, శుక్రుడు 21. కొత్తవాళ్ళు ఇక్కడే బోల్తా పడతారు. జాతకాల్లో అలవాటైన మరో దశా పద్ధతి, వింశోత్తరి అంకెలు వేసి కుజుడికి 7 పెట్టేస్తారు, దాంతో మేషం, వృశ్చికం వాళ్ళ కొంప ముందే మునుగుతుంది. తర్వాత ఉగాది ఏ వారం వచ్చిందో చూడాలి. ఆ వారానికి అధిపతి ఎవరో ఆయనే సంవత్సరానికి రాజు. రాశి అధిపతి అంకెకు రాజు అంకె కలిపి, మూడుతో హెచ్చవేసి, ఐదు కలిపి, పదిహేనుతో భాగించాలి. మిగిలిన శేషమే ఆదాయం. భాగఫలాన్ని పారేయకూడదు. దాన్ని మళ్ళీ మూడుతో హెచ్చవేసి, ఐదు కలిపి, పదిహేనుతో భాగిస్తే వచ్చే శేషం వ్యయం. ఫోన్‌లో చేస్తే శేషం బదులు దశాంశాలు వస్తాయి కాబట్టి కాగితం, పెన్సిలే క్షేమం.

పరాభవ నామ సంవత్సరం తీసుకుందాం. ఉగాది 2026 మార్చి 19, గురువారం. రాజు గురువు. మేషానికి అధిపతి కుజుడు, 8. రాజుగారి 19 కలిపితే 27. మూడింతలు 81, ఐదు కలిపితే 86. పదిహేనుతో భాగిస్తే ఐదుసార్లు పోయి 11 మిగులుతుంది. ఆదాయం 11. భాగఫలం ఐదును మూడింతలు చేసి ఐదు కలిపితే 20, అందులో పదిహేను పోతే 5. వ్యయం 5. అయిపోయింది. నీతి ఆయోగ్ అక్కర్లేదు.

ఈ లెక్క ఘనత ఇంతటితో ఆగదు. మూడుతో హెచ్చవేసి ఐదు కలిపి పదిహేనుతో భాగించాక మిగలగలిగినవి ఐదే అంకెలు: 2, 5, 8, 11, 14. ఏ యుగంలోనైనా, ఏ రాశికైనా ఆదాయం 10 రావడం అసాధ్యం. సున్నా అంతకంటే అసాధ్యం. అంటే నిరుద్యోగం గణితపరంగా రద్దయింది. ఆదాయపు పన్ను స్లాబులు ఎన్నిసార్లు మారాయో ఆడిటర్లకే గుర్తుండదు, ఇవి మాత్రం మారవు. పద్నాలుగు అంటే పద్నాలుగు ఏమిటని అడిగేవాళ్ళు ఉంటారు. రూపాయలా, లక్షలా, కోట్లా అన్నది ఎవరికి వారు చూసుకోవాలి. ప్రణాళికల్లో రాష్ట్రాలకు ఇంత స్వేచ్ఛ ఎప్పుడూ దొరకలేదు.

పైగా పన్నెండు రాశులకు అధిపతులు ఏడుగురే. మేషం, వృశ్చికం రెండూ కుజుడివి, వృషభం, తుల శుక్రుడివి, మిథునం, కన్య బుధుడివి, ధనుస్సు, మీనం గురువువి, మకరం, కుంభం శనివి. ఈ జంటలన్నీ ఉమ్మడి ఖాతాలు, అంకెలు ఒకటే. కర్కాటకం, సింహం మాత్రమే వేరు కాపురం. ఇక రాజు ఏడు వారాల్లో ఒకరు కావాలి కాబట్టి లోకంలో ఉన్నవి ఏడే బడ్జెట్లు. ఉగాది మంగళవారం వచ్చిన ప్లవ (2021), క్రోధి (2024) సంవత్సరాల ఆదాయ వ్యయాలు అక్షరం పొల్లుపోకుండా ఒకటే. ఈ ఏడింటినీ ఒకసారి అచ్చు వేయించి బీరువాలో పెట్టుకుంటే ఆర్థిక శాఖ భవనాన్ని కల్యాణ మండపంగా అద్దెకిచ్చుకోవచ్చు. మూఢం రోజుల్లో అద్దె రాదు, అది వేరే సంగతి.

ఇప్పుడు అసలు పని. ఎవరికి వారు తమ రాశి చూసుకుని పేజీ తిప్పేస్తారే గాని పన్నెండు రాశులనూ కూడి చూసిన వాళ్ళు అరుదు. కూడితే మానవజాతి ఉమ్మడి పద్దు వస్తుంది. క్రోధిలో మొత్తం ఆదాయం 96, వ్యయం 108. లోటు 12. విశ్వావసులో (2025, ఆదివారం, రాజు రవి) ఆదాయం 99, వ్యయం 93. మిగులు 6. పరాభవలో ఆదాయం 87, వ్యయం 114. లోటు 27, రాబడిలో దాదాపు మూడో వంతు. ఇంత లోటు చూపిస్తే ఏ రాష్ట్రానికైనా కేంద్రం అప్పుల గేటు మూసేస్తుంది.

ఏడుగురు రాజుల కింద వరుసగా లెక్క కడితే జ్యోతిష లోకం గురించి మనకున్న నమ్మకాలన్నీ తలకిందులవుతాయి. చంద్రుడు, బుధుడు చెరో 9 మిగులుస్తారు. రవి 6. కుజుడు 12 లోటు. శుభగ్రహాలని మనం మొక్కే గురుడు, శుక్రుడు ఇద్దరూ చెరో 27 లోటు తెస్తారు. దేవతల గురువు, రాక్షసుల గురువు, ఇద్దరికీ దుబారా విషయంలో ఏకాభిప్రాయం ఉంది. పేరు వింటేనే నువ్వులు, నల్లగుడ్డ పట్టుకుని పరుగెత్తే శని రాజైతే ఆదాయం 93, వ్యయం 93. పైసా తేడా లేదు. లోటును అదుపులో పెట్టుకోమనే ఎఫ్‌ఆర్‌బీఎం చట్టం 2003లో వచ్చింది గాని దాని స్ఫూర్తిని ముందు నుంచీ పాటిస్తున్నది ఈయన ఒక్కడే.

కాబట్టి ప్రతిపాదన సూటిగా ఉంది: ఉగాదిని చట్టం ద్వారా శనివారానికి మార్చాలి. తిథి ఒప్పుకోదంటారా? తిథికి మొహమాటం తక్కువన్నది నిజమే. సూర్యుడి నుంచి చంద్రుడు పన్నెండు డిగ్రీలు జరిగితే ఒక తిథి. చంద్రుడి నడక ఒకే తీరుగా ఉండదు గనుక ఒక తిథి ఇరవై గంటల్లోపే ముగియవచ్చు, మరొకటి ఇరవై ఆరు దాటవచ్చు. సూర్యోదయానికి ఉన్న తిథే ఆ రోజు తిథి. రెండు సూర్యోదయాల మధ్య పుట్టి గిట్టితే అది క్షయం. 2026 ఉగాది పాడ్యమికి ఇదే గతి పట్టింది. మార్చి 19 సూర్యోదయానికి ఇంకా అమావాస్యే ఉంది. ఉదయం 6.50 ప్రాంతంలో మొదలైన పాడ్యమి మర్నాడు తెల్లవారుజామున 4.50 ప్రాంతంలో, ఇంకా చీకటి ఉండగానే వెళ్ళిపోయింది. కొత్త సంవత్సరపు తొలి తిథికి తెలుగు నేల మీద ఒక్క సూర్యోదయమూ దక్కలేదు.

అయితే ఆ పాడ్యమి పోలేదు, వలస వెళ్ళింది. తిథి ముగిసే క్షణం లోకమంతటికీ ఒకటే, సూర్యోదయమే ఊరికొకటి. న్యూజెర్సీ గడియారంలో ఆ పాడ్యమి బుధవారం రాత్రి 9.20కి మొదలై గురువారం సాయంత్రం 7.20 దాకా నిక్షేపంగా ఉంది. ఉదయం ఏడింటికి అక్కడి సూర్యుడు దాన్ని చూశాడు కూడా. మన పిల్లలు వెళ్ళారు, డాక్టర్లు వెళ్ళారు, ఇప్పుడు తిథులు. అక్కడి వాళ్ళు తమ ఊరి లెక్క కట్టించుకోకుండా ఇక్కడి పేజీని వాట్సాప్‌లో తెప్పించుకుని అందులోని గంటలనే తమ గంటలుగా పాటిస్తే ఎప్పుడో వచ్చేసిన పాడ్యమికి తొమ్మిదిన్నర గంటలు ఆలస్యంగా కొత్త బట్టలు కట్టుకోవలసి వస్తుంది.

రాహుకాలంలోనూ ఇదే తంతు. శుక్రవారం 10.30 నుంచి 12 అని గోడ క్యాలెండర్లన్నీ ఏడాది పొడవునా ఒకే మాట మీద ఉంటాయి. సూర్యుడు ఆరింటికి లేచి ఆరింటికి కునికితేనే ఆ అంకె సరి. అసలు సూత్రం పగటిని ఎనిమిది భాగాలు చేసి వారాన్ని బట్టి ఒకటి తీయడం, శుక్రవారానికి నాలుగోది. జూన్ మూడో వారంలో హైదరాబాదులో పగలు పదమూడు గంటలు దాటుతుంది, ఒక్కో భాగం దాదాపు 99 నిమిషాలు. అప్పుడు శుక్రవారం రాహుకాలం సుమారు 10.38కి మొదలై 12.17 దాకా సాగుతుంది. పన్నెండు కొట్టగానే ఊపిరి పీల్చుకుని ఫైలు మీద సంతకం పెట్టే అధికారి పదిహేడు నిమిషాల పాటు నిఖార్సైన రాహుకాలంలోనే సంతకాలు పెడుతున్నాడు. ఇప్పటికి ఆగిపోయిన ప్రాజెక్టులకు ఇంతకంటే శాస్త్రీయమైన కారణం ఏ కమిటీ చెప్పలేదు.

రాహువు పట్ల జరిగిన అన్యాయం కూడా ఇక్కడే చెప్పాలి. సంవత్సరానికి తొమ్మిదిమంది నాయకులు ఉంటారు. ఉగాది వారాన్ని బట్టి రాజు, సూర్యుడు మేషంలో అడుగుపెట్టే మేష సంక్రమణ వారాన్ని బట్టి మంత్రి, సింహ సంక్రమణానికి సేనాధిపతి, కర్కాటకానికి సస్యాధిపతి, ధనుస్సుకు ధాన్యాధిపతి, ఇలా. పరాభవలో మంత్రి కుజుడు, ఎందుకంటే మేష సంక్రమణం పడిన ఏప్రిల్ 14 మంగళవారం. అర్హత పరీక్ష లేదు, ఎన్నిక లేదు, సమయానికి ఆ వారం అధిపతివైతే చాలు. ఒకే గ్రహానికి రెండు మూడు పదవులు వచ్చినా ఎవరూ రాజీనామా అడగరు. రాహుకేతువులకు మాత్రం వారం లేదు, కనుక ఏ సంవత్సరంలోనూ పదవి లేదు. అందుకే అష్టోత్తరిలో పన్నెండేళ్ళు ఉన్నా రాహువు అంకె మన బడ్జెట్‌లోకి రాదు. క్యాబినెట్‌లో చోటు దక్కని వాడికి రోజుకు గంటన్నర కేటాయించి సర్దుబాటు చేశారు.

ఉగాది నాడు ఒక్కో పార్టీ కార్యాలయంలో ఒక్కో పంచాంగ శ్రవణం జరుగుతుంది. రాజు ఒకడే, మంత్రి ఒకడే, భాగహారం ఒకటే. అయినా ఒక కార్యాలయంలో ప్రభుత్వం స్థిరంగా ఉంటుంది, మరో కార్యాలయంలో అదే ఆశ్వయుజానికి కూలిపోతుంది. శాలువా కప్పేది ఎవరన్నది కూడా పదిహేనుతో భాగించేటప్పుడు కలపాలేమో, గ్రంథాల్లో లేదు.

సూత్రం మీద అనుమానం ఉన్నవాళ్ళు శార్వరిని చూడండి. 2020 మార్చి 25, బుధవారం, ఉగాది. దేశమంతటా లాక్‌డౌన్ మొదలైన రోజు. రాజు బుధుడు, మొత్తం ఆదాయం 105, వ్యయం 96, మిగులు 9. కొట్లన్నీ మూసి ఉండగా ఖర్చు తగ్గుతుందని చెప్పడంలో పంచాంగం తప్పేమిటి? ఆ 105 ఎవరికి వచ్చిందన్న ప్రశ్న వివరాల్లోకి వెళ్ళడమే.

చట్టం వచ్చేలోపు పౌరులు చేసుకోదగిన ఏర్పాటు ఒకటి ఉంది. జన్మనక్షత్రం తెలియనివాళ్ళకు పేరులోని తొలి అక్షరమే ఆధారం. కృత్తిక నాలుగు పాదాలకు ఆ, ఈ, ఊ, ఏ. మొదటి పాదం మేషంలో పడుతుంది, మిగతా మూడూ వృషభంలో. కాబట్టి పరాభవలో ఆనందరావుకు ఆదాయం 11, వ్యయం 5. ఈశ్వరరావుకు ఆదాయం 5, వ్యయం 14. ఈశ్వరరావు ఆర్నెల్లకోసారి అప్పు చేసే బదులు పేరు మార్చుకుంటే చాలు. ఏటా మార్చాలి, రాజు మారినప్పుడల్లా లెక్క మారుతుంది కాబట్టి. ఆధార్ కేంద్రాల్లో ఉగాది ముందు వారం ప్రత్యేక కౌంటర్లు తెరవాలని కోరుతున్నాం. మకర, కుంభ రాశుల వారికి (ఆదాయం 2, వ్యయం 8) రుసుము మినహాయించాలి. గురువారం మధ్యాహ్నం 1.30 నుంచి 3 దాకా దరఖాస్తులు తీసుకోరాదు. వేసవిలో ఎండాకాలపు పగటిని ఎనిమిదితో భాగించి ఆ వేళలు సవరించి అంటించే బాధ్యత కేంద్రం నిర్వాహకుడిదే.