ఎదుటి కుర్చీ ఖాళీగా ఉన్న సమీక్ష

1987లో ఒక వారం అమెరికన్ టీవీలో సినీ విమర్శకుడు రోజర్ ఈబర్ట్ ‘బెంజీ ది హంటెడ్’ అనే కుక్క సినిమాకు బాగుందని బొటనవేలు పైకెత్తాడు. అదే కార్యక్రమంలో స్టాన్లీ కుబ్రిక్ యుద్ధ చిత్రం ‘ఫుల్ మెటల్ జాకెట్’కు బాగాలేదని వేలు కిందికి దించాడు. పక్కనున్న తోటి విమర్శకుడు జీన్ సిస్కెల్ ఊరుకోలేదు. కుబ్రిక్‌ను కాదని కుక్క సినిమాను మెచ్చుకుంటావా అని నిలదీశాడు. ఈబర్ట్‌కు ఒళ్లు మండింది. పిల్లల సినిమానూ యుద్ధ చిత్రాన్నీ ఒకే తక్కెడలో వేయడం అన్యాయమని తిరగబడ్డాడు. నన్నడిగితే కుబ్రిక్ విషయంలో సిస్కెల్‌దే ఒప్పు, సూత్రం విషయంలో ఈబర్ట్‌దే. సినిమాను దేనితో పోల్చి కొలవాలన్న పెద్ద ప్రశ్న ఆ కాసేపటి కీచులాటలోనే బయటపడింది. ఒంటరిగా మాట్లాడే సమీక్షకుడికి ఆ ప్రశ్న ఎదురే కాదు.

1975లో చికాగోలో జతకట్టేనాటికి ఇద్దరూ పోటీ పత్రికల వాళ్లు. సిస్కెల్‌ది ట్రిబ్యూన్, ఈబర్ట్‌ది సన్-టైమ్స్. రికార్డింగుకు ముందు తమ అభిప్రాయం ఒకరికొకరు చెప్పుకునేవారు కాదు. అందుకే కెమెరా ముందు కనిపించిన ఆశ్చర్యం, చిరాకు అన్నీ అసలువే.

విమర్శను బొటనవేలి స్థాయికి దిగజార్చారని వాళ్లమీద పాత ఫిర్యాదు ఒకటుంది. సినిమా పోస్టర్లకెక్కిన వేళ్ల వరకు అది నిజమే. కానీ వేలు ఎత్తే ముందు జరిగిన వాదన మాటేమిటి? 1994లో ‘హూప్ డ్రీమ్స్’ అనే దాదాపు మూడు గంటల డాక్యుమెంటరీని ఇద్దరూ పట్టుబట్టి దేశానికి చూపించారు. నిత్యం పోట్లాడుకునేవాళ్లు ఏకమైతే ఆ మాటకు విలువ ఎక్కువ.

మనకు మిగిలింది అయిదుకు రెండు ముప్పావు అనే రేటింగు. కొత్త సినిమా మొదటి ఆట ముగిసీ ముగియకముందే అంకె వచ్చేస్తుంది. ఎందుకు రెండు ముప్పావు, మూడెందుకు కాదు అని ఎదురుగా కూర్చుని అడిగే సమాన స్థాయి మనిషి ఉండడు. అడిగేది అభిమానులు, అదీ బూతులతో.

ఈ జబ్బు సినిమాతో ఆగలేదు. మన రాజకీయ చర్చల్లో నలుగురు కూర్చుంటారు గానీ, ఎవరి వెనుక వారి పార్టీ ఉంటుంది. పక్కవాడి మాటకు ఒక్క మెట్టు దిగినా ఇంటికెళ్లాక సంజాయిషీ చెప్పుకోవాలి. మనసు మార్చుకునే స్వేచ్ఛ లేనివాళ్ల మధ్య జరిగేది చర్చ ఎలా అవుతుంది?

2024లో తమిళ నిర్మాతలు, సినిమా విడుదలైన మూడు రోజుల వరకు సమీక్షలు ఆపించాలని మద్రాసు హైకోర్టుకు వెళ్లారు. మధ్యంతర నిషేధానికి కోర్టు ఒప్పుకోలేదు. మంచిదే. ఇక ఏ తెలుగు చానలైనా శుక్రవారం రాత్రి ఇద్దరు సమీక్షకులను ఎదురెదురుగా కూర్చోబెట్టాలి. దర్శకుణ్ణి మాత్రం పిలవకూడదు.