‘పాణి’ అన్న పిల్లకు మనం చెప్పిన జవాబు

చందంపేట దిక్కు ఒక లంబాడీ తండాలో పంతులుగా చేరిన మొదటి ఏడాది సంగతి ఇది. ఒకటో తరగతి గోడకు బొమ్మల చార్టు వేలాడుతుండేది. నీళ్ల కుండ బొమ్మ చూపించి ‘ఇదేంటి?’ అని అడిగాను. బడి తెరిచిన నాటి నుంచి నోరు విప్పని ఒక పిల్ల ఆ రోజు లేచి ‘పాణి’ అంది. ‘పాణి కాదమ్మా, నీళ్లు అనాలి’ అన్నాను. ఆ పిల్ల కూర్చుంది. దసరా సెలవులు అయిపోయి మళ్లీ బడి మొదలయ్యేదాకా ఇంకో జవాబు చెప్పలేదు.

అప్పట్లో అది నాకు తప్పుగా తోచలేదు. తెలుగు నేర్పడానికే కదా నన్ను పంపింది అనుకున్నాను. ఆమె తన లంబాడీలో చెప్పింది సరైన జవాబేనని, ఆ భాష రానిది నాకేనని తెలుసుకోవడానికి చాలా ఏళ్లు పట్టింది. దేవరకొండ, డిండి, అచ్చంపేట చుట్టుపక్కల తండాల బళ్లలో పనిచేసిన టీచర్లను అడగండి, ఇలాంటి పిల్ల ఒకరైనా గుర్తొస్తుంది. ‘మొద్దు’, ‘మాట రాదు’ అని మనం పేరు పెట్టిన పిల్లల్లో ఎంతమంది ఇంట్లో గలగలా మాట్లాడేవాళ్లో మనం ఎప్పుడూ వినలేదు.

భాషలు ఎలా పోతాయని మాట్లాడుకునేటప్పుడు అందరం అండమాన్ వైపు చూస్తాం. 2010 జనవరిలో అక్కడ బోవా సీనియర్ అనే పెద్దావిడ చనిపోయింది. ‘బో’ భాష మాట్లాడే చివరి మనిషి ఆమె. సొంత భాషలో జవాబిచ్చే మనిషి లేకుండానే ఆమె చివరి ఏళ్లు గడిచాయి. అదే ఏడాది యునెస్కో అట్లాసు మన దేశంలో 197 భాషలు ప్రమాదంలో ఉన్నాయని చెప్పింది. ఇవి చదివినప్పుడు మనసు బరువెక్కుతుంది, అయితే ఎక్కడో సముద్రం అవతలి ముచ్చటలా ఉంటుంది. నల్లగొండ నుంచి మల్లేపల్లి మీదుగా దేవరకొండ బస్సెక్కితే పక్క సీట్లో జరుగుతున్నది కూడా ఇదే కథ అని అనిపించదు.

లంబాడీకి ఏమైందండీ, లక్షల మంది మాట్లాడుతున్నారు కదా అంటారు. నిజమే, 2011 జనగణన లెక్కలో దేశం మొత్తం మీద ఆ భాష మాట్లాడేవాళ్లు 32 లక్షల పైనే. అదే జనగణన ఆ 32 లక్షల మందినీ హిందీ కింద కలిపేసింది. రాజస్థానీకి దగ్గరి చుట్టమైన ఈ భాషకు పట్టికలో సొంత వరుస లేదు. అంతకు ముందు నుంచే మన లెక్కల తీరు ఇలా ఉంది. 1961లో 1,652 మాతృభాషల పేర్లు అచ్చయ్యాయి. 1971 నుంచి పదివేల మంది లేని భాషలను విడిగా చూపించడం ఆపేశారు. 2011కు వచ్చేసరికి దేశంలో మొత్తం 121 భాషలే అని తేల్చారు. పేరు లేని భాషకు పుస్తకం అడిగేవాళ్లుండరు, టీచరును అడిగేవాళ్లుండరు.

అయినా ఒక భాష క్షేమంగా ఉందో లేదో చెప్పడానికి లక్షలు సరిపోవు. ఆ లక్షల్లో అయిదేళ్ల పిల్లలు ఎందరు అన్నది చూడాలి. అరవై ఏళ్లవాళ్లు అందరూ మాట్లాడుతూ, ముప్పై ఏళ్లవాళ్లు అర్థం చేసుకుని తెలుగులో జవాబిస్తూ, పిల్లలు రెండు మాటలు విని ఊరుకుంటే, ఆ భాషకు ఎంత పెద్ద అంకె ఉన్నా దాని గడువు రెండు తరాలే. మన తండాల్లో, ముఖ్యంగా రోడ్డు పక్క తండాల్లో, నాకు కనబడుతున్న వరస ఇదే.

ఇంతకాలం ఈ భాష ఎలా నిలిచింది? బంజారాలు, అంటే ఈ లంబాడీలే, ఎడ్ల మీద ఉప్పు, ధాన్యం వేసుకుని దేశమంతా తిరిగిన బిడారు జనం. ఆ తిరుగుడు వ్యాపారాన్ని ‘లదేణి’ అనేవాళ్లు. రైళ్లు, రోడ్లు వచ్చాక ఆ బతుకుదెరువు పోయింది, ఎక్కడివాళ్లు అక్కడ గుట్టల పక్కన, అడవి అంచున తండాలు వేసుకున్నారు. ఊరికి దూరంగా ఉన్నారు, ఊరు వాళ్లను దూరంగా ఉంచింది. ఆ దూరమే భాషను కాపాడింది. ఇప్పుడు రోడ్డు వచ్చింది, బస్సు వచ్చింది, 2018 పంచాయతీరాజ్ చట్టంతో చాలా తండాలు సొంత పంచాయతీలయ్యాయి. ఇవన్నీ రావాల్సినవే. తండాకు అంబులెన్సు రాని రోజులు నేను చూశాను, ఆ రోజులు మళ్లీ రావాలని ఎవరూ కోరుకోరు. వెలివేత వల్ల బతికిన భాష, గౌరవం వచ్చాక కూడా బతకాలంటే ఏం చేయాలన్నదే ప్రశ్న. దానికి జవాబు వెతికే బాధ్యత తండా ఒక్కదాని మీద వేయడం అన్యాయం.

పిల్లలతో తెలుగులో మాట్లాడుతున్న తల్లులను తప్పుపట్టేవాళ్లంటే నాకు కోపం. ఇరవై ఎనిమిదేళ్ల తల్లి ఒకామె నాతో అన్నది: ‘సార్, హాస్టల్లో నేను మాట్లాడితే అందరూ నవ్వేటోళ్లు. నా బిడ్డను చూసి ఎవరూ నవ్వొద్దు.’ ఆమెకు భాష మీద ప్రేమ లేదని అనగలమా? సంతలో లంబాడీ యాసను ఎక్కిరించింది మనం. సినిమాల్లో కామెడీ చేసింది మనం. అయిదో తరగతికే పిల్ల గురుకులానికి పోవాలి, అక్కడ ఇంగ్లీషు మీడియం, పక్క మంచం పిల్ల తెలుగు. సెలవులకు ఇంటికొచ్చేసరికి నానమ్మ మాట సగమే అర్థమవుతుంది. పాలమూరు వైపు తండాల నుంచి హైదరాబాద్ బిల్డింగు పనులకు పోయిన ఇళ్లలో ఇది ఇంకా తొందరగా జరుగుతోంది.

మొన్నామధ్య ఒక పెళ్లిలో చూసింది మనసులోంచి పోవడం లేదు. లంబాడీ పెళ్లిలో అప్పగింతలప్పుడు ‘ఢావలో’ అని ఏడుపు పాట ఉంటుంది. పెళ్లికూతురు యాడిని, అంటే అమ్మను, ఆ తర్వాత అత్తలను, అక్కలను ఒక్కొక్కరినీ పట్టుకుని, వాళ్లతో తనకున్న బంధాన్ని పాటగా తలచుకుంటూ ఏడవాలి. ఎదుటివాళ్లూ పాటతోనే అందుకుంటారు. రాసిపెట్టిన పాట ఏమీ ఉండదు, అప్పటికప్పుడు కట్టుకోవాలి. డీజే ఆపించి ఒక ముసలావిడ పెళ్లికూతురి మెడ చుట్టూ చేయి వేసి మొదలుపెట్టింది. సన్నటి గొంతు, పొడుగాటి రాగం, మధ్యలో పిల్ల పేరు. ఒక వరుస పాడి ఆగింది. జవాబు కోసం ఆగింది. డిగ్రీ చదివిన ఆ పిల్ల ముసలావిడ భుజం మీద తల పెట్టి వెక్కివెక్కి ఏడ్చింది కానీ ఒక్క మాట కట్టలేకపోయింది. ముసలావిడ కాసేపు చూసి, ఆ పిల్ల పాడాల్సిన వరుస కూడా తనే పాడింది. కెమెరా అబ్బాయి లైటు సర్దుకుంటున్నాడు. చుట్టూ ఉన్న ఆడవాళ్లలో నలభై దాటినవాళ్లే పెదాలు కదుపుతున్నారు.

ఆ పిల్లకు లంబాడీ వచ్చు. ఫోన్లో మాట్లాడుతుంది, బాటి, అంటే రొట్టె, పెట్టమని అమ్మను అడుగుతుంది. పోయింది భాషలోని లోతు. భాష ఒక్కసారిగా పోదు, గది గదిగా ఖాళీ అవుతుంది. ముందు లదేణి మాటలు, తర్వాత పంచాయితీ మాటలు, వైద్యం మాటలు, ఏడుపు పాటలు. చివరికి వంటింట్లో నాలుగు మాటలు మిగులుతాయి.

భాష మారకుండానే ఇది జరగొచ్చనడానికి నల్లమల చెంచులే సాక్ష్యం. అమ్రాబాద్ పెంటల్లో, అంటే అడవిలోని చిన్న గూడేల్లో, చెంచులు మాట్లాడేది తెలుగే. కానీ ఆ తెలుగులో తేనెకు, గడ్డలకు, జంతువుల అడుగులకు ఉన్న పేర్లు మన నిఘంటువుల్లో వెతికినా దొరకవు. పులుల కోసం అడవి ఖాళీ చేసి మైదానంలో కాలనీ ఇళ్లకు రమ్మంటే, ఆ మాటలకు ఆధారమే ఉండదు. ఇక ఎరుకల భాష తమిళానికి దగ్గరిది. బ్రిటిష్ కాలంలో నేరస్థ జాతుల చట్టం ఎరుకలవాళ్ల మీద ముద్ర వేసింది. ఆ భాష బయట వినబడితే చాలు పోలీసు చూపు పడే రోజులు చూసిన కుటుంబాలు, దాన్ని గొంతు తగ్గించి మాట్లాడటం పిల్లలకు నేర్పాయి. భయం కూడా భాషను తినేస్తుంది.

ఇప్పుడు మన సంగతికి వస్తాను. 2011 లెక్కలో తెలుగు మూడో స్థానం నుంచి నాలుగో స్థానానికి దిగిందని ఎంత బాధపడ్డాం! బళ్లలో తెలుగు తప్పనిసరి చేస్తూ 2018లో తెలంగాణ చట్టం చేస్తే సంతోషించినవాళ్లలో నేనూ ఉన్నాను. ఇంగ్లీషు మన పిల్లల నోట్లోంచి తెలుగును లాక్కుంటోందని సభలు పెడతాం. తండాలో అదే పని తెలుగు చేస్తోంది, మన చేతుల మీదుగా. ఎనిమిది కోట్ల మంది భాష మీద బెంగపడే హక్కు మనకున్నప్పుడు, హాస్టల్ సంగతి చెప్పిన ఆ తల్లి బెంగ కూడా మనకు అర్థం కావాలి. తెలుగు అభిమానం నిజమైనదైతే తండా బడిలో అది లంబాడీ పక్కన నిలబడాలి.

దారి లేదా అంటే ఉంది. మాతృభాషలో ప్రాథమిక విద్యకు సౌకర్యం కల్పించాలని రాజ్యాంగం 350ఎ అధికరణం 1956 నుంచే చెబుతోంది. ఉమ్మడి రాష్ట్రంలో 2004 ప్రాంతంలో గిరిజన భాషల్లో పాఠాలు మొదలుపెట్టారు, అందులో బంజారా కూడా ఉంది. తెలుగు లిపిలోనే లంబాడీ వాచకాలు రాశారు. ఆ పనిని పట్టుదలగా ముందుకు తీసుకుపోలేదు, నాకు ఇప్పటికీ అదే బాధ. లంబాడీని రాజ్యాంగం గుర్తించిన భాషల జాబితా అయిన ఎనిమిదో షెడ్యూలులో చేర్చాలన్న డిమాండు న్యాయమైనదే, కానీ దానికోసం ఎదురుచూస్తూ అంగన్‌వాడీని మరిచిపోకూడదు. న్యూజిలాండ్‌లో అక్కడి మూలవాసులైన మావోరీలు 1982లో ‘భాషా గూళ్లు’ మొదలుపెట్టారు. బడి ఈడు రాని పిల్లలను అవ్వల దగ్గర కూర్చోబెట్టి, అక్కడ మావోరీ తప్ప ఇంకో మాట వినిపించకుండా చేశారు. అప్పటికి ఆ భాష వచ్చిన పిల్లలు బాగా తగ్గిపోయారు. మన తండాల్లో అవ్వలు ఉన్నారు, అంగన్‌వాడీ గది ఉంది, చాలాచోట్ల టీచరు కూడా లంబాడీ బిడ్డే. అయినా పిల్లలకు నేర్పేది ‘చందమామ రావే’, దాని తర్వాత ‘జానీ జానీ’. తీజ్ పండుగకు గంపల్లో గోధుమ మొలకలకు నీళ్లు పోస్తూ పాడే పాటలు వారానికి ఒకటి అక్కడ పాడించడానికి ఏ జీవో కావాలి?

కుర్రాళ్లు యూట్యూబులో లంబాడీ పాటలు, చిన్న సినిమాలు తీస్తున్నారు, తెలుగు అక్షరాల్లో వాట్సాప్ మెసేజ్‌లు రాసుకుంటున్నారు. ఇది చిన్న విషయం కాదు, సిగ్గు తగ్గుతోందనడానికి గుర్తు. అయితే పాటకు ఎగిరే పిల్లాడికి ఆ పాట అర్థం కావాలంటే ఇంట్లో ఎవరో ఒకరు ఆ భాషలో కోప్పడాలి, బుజ్జగించాలి.

2027 జనగణనకు ఇళ్లిళ్లూ తిరిగేవాళ్లలో మా టీచర్లే ఎక్కువమంది ఉంటారు. మాతృభాష గడి దగ్గర తొందరపడి ‘తెలుగు’ అని రాసేయకండని తోటివాళ్లను వేడుకుంటున్నాను. అడగండి, వాళ్లు చెప్పింది చెప్పినట్టు రాయండి. చిన్నప్పుడు తల్లి బిడ్డతో మాట్లాడిన భాషే మాతృభాష అని జనగణన నియమం. చార్టు ముందు ‘పాణి’ అన్న ఆ పిల్ల ఇప్పుడు ఇద్దరు పిల్లల తల్లి. ఆమె గడిలో లంబాడీ అని రాస్తాం. ఆమె పిల్లల గడి దగ్గరికి వచ్చేసరికి, ఇంట్లో వాళ్లతో ఏ భాషలో మాట్లాడతావమ్మా అని నేను ఆమెనే అడగాలి.