ఫుడ్ వాక్ సరే, బండివాడి జాగా మాటేంటి?

పాతబస్తీ ఫుడ్ వాక్‌లు ఇప్పుడు హైదరాబాద్‌లో చిన్నపాటి పరిశ్రమ అయ్యాయి. ఇన్‌స్టాగ్రామ్‌లో తేదీ పడుతుంది. తలకి వెయ్యికి పైనే కట్టి జనం చార్మినార్ దగ్గర కలుస్తారు, గైడ్ వెనకాల తింటూ తిరుగుతారు. ఇది మంచి పరిణామమే. హైటెక్ సిటీలో ఏళ్ల తరబడి ఉద్యోగం చేస్తూ ఒక్కసారి కూడా మూసీ మీది నయాపూల్ వంతెన దాటని తెలుగు కుటుంబాలు బోలెడున్నాయి. పాతబస్తీ అంటే వాళ్లకు టీవీలో కనబడే పోలీసు బందోబస్తు. ఆ భయాన్ని పోగొట్టడంలో ఒక ప్లేటు నహారీ చేసిన పని ఏ శాంతి ర్యాలీ కూడా చేయలేదు.

అయితే ఈ వాక్‌లన్నీ ఒక ప్రశ్న దగ్గర ఆగకుండా దాటిపోతున్నాయి. తినే తిండికి నాలుగు వందల ఏళ్ల చరిత్ర చెబుతారు. అది అమ్మే మనిషికి రేపు పొద్దున అదే చోట నిలబడే హక్కు ఉందా అని ఎవరూ అడగరు. నేననేది ఒక్కటే. వాక్‌కి వెళ్లేవాళ్లు, నడిపేవాళ్లు, దాని ఫొటోలతో ప్రచారం చేసుకునే ప్రభుత్వం, ముగ్గురూ కలిసి చార్మినార్ చుట్టూ ఉన్న వీధి వ్యాపారానికి హెరిటేజ్ మార్కెట్ హోదా సాధించాలి. వీధి వ్యాపారుల చట్టం ఆ హోదాకి పదేళ్ల కిందటే దారి తెరిచింది. అడిగేవాళ్లు లేకే అది అలా పడి ఉంది.

ఇప్పటిదాకా మనం సాధించుకున్న గుర్తింపులు చూడండి. 2010లో హైదరాబాదీ హలీమ్‌కి జీఐ ట్యాగ్, అంటే ఫలానా ఊరి సరుకని చట్టం ఇచ్చే గుర్తింపు, వచ్చింది. 2019లో యునెస్కో హైదరాబాద్‌ను ఆహార రంగంలో సృజనాత్మక నగరాల జాబితాలో చేర్చింది. 2024లో లాడ్ బజార్ లక్క గాజులకీ జీఐ దక్కింది. అన్నీ గర్వపడాల్సినవే. కానీ ఇవన్నీ పేరుకి దొరికిన గుర్తింపులు. వేరే ఊళ్లో ఎవరో హైదరాబాదీ హలీమ్ అని బోర్డు పెట్టుకుంటే అడ్డుకోవడానికి జీఐ పనికొస్తుంది. చార్మినార్ దగ్గరి పత్తర్‌గట్టిలో బండి పెట్టుకున్న మనిషి ముందు మున్సిపల్ లారీ ఆగినప్పుడు అతని చేతిలో చూపించడానికి ఏ కాయితమూ ఉండదు.

అసలు ఆ తిండి ఎలా తయారవుతుందో ఒకసారి దగ్గరగా చూస్తే చోటు విలువ తెలుస్తుంది. నహారీ పొద్దుటి తిండి. మేక కాళ్లు, నాలుక, ఎముకలు, గుడ్డలో మూటగట్టిన పొట్లీ మసాలా కలిపి దేగ్ అనే పెద్ద వంటపాత్రలో రాత్రంతా సన్నటి సెగ మీద ఉడుకుతాయి. తెల్లవారుజాము ఫజర్ నమాజు అయ్యేసరికి మూత తీస్తారు, ఎండెక్కేసరికి దేగ్ ఖాళీ అవుతుంది. అంటే ఒక మనిషి రాత్రి నిద్ర మానుకుంటేనే మనకు పొద్దున టిఫిన్. దాంతో తినే నాలుగు మూలల నాన్ సంగతీ అంతే. పురానీ హవేలీ దగ్గర 1851 నుంచి పేరున్న మున్షీ నాన్ లాంటి చోట్ల చూడండి. నేలలోకి దిగిన భట్టీ, అంటే నాన్ కాల్చే పొయ్యి, అంచున కూర్చున్న మనిషి పిండిని గోడకి కొట్టడానికి నడుము దాకా లోపలికి వంగుతాడు. రెండు ఇనప చువ్వలతో కాలిన నాన్‌ని లాగి పక్కన పడేస్తాడు, మళ్లీ వంగుతాడు. ఎండాకాలం, వానాకాలం అదే వంగడం, అదే సెగ. ఆ భట్టీని పీకి ఇంకో వీధిలో పెట్టడం గ్యాస్ స్టవ్ మార్చినంత సులువు కాదు. గోడ పాకానికి రావాలి, పొద్దున్నే పళ్లెం పట్టుకుని వచ్చే వాడకందార్లు ఆ కొత్త వీధికీ రావాలి.

గుల్జార్ హౌజ్ వైపు పొద్దునపూట దోశ బండ్లు ఉంటాయి. పెనం మీద దోశ పరిచి, దాని మీద ఉప్మా, కారప్పొడి, ఇంత వెన్న వేసి గరిటెతోనే మెదిపేస్తారు. పాతబస్తీ అంటే బిర్యానీ అనుకుని వచ్చిన తెలుగువాడు అక్కడ మన దోశే ఇంకో వేషంలో కనబడితే ఆశ్చర్యపోతాడు. ఇంకా దక్షిణానికి పోతే బార్కస్. నిజాం సైన్యంలో పనిచేయడానికి యెమెన్‌లోని హద్రమౌత్ నుంచి వచ్చిన అరబ్బుల సంతతి అక్కడ ఉంది. గోధుమ, మాంసం కలిపి మెత్తగా ఉడికించే వాళ్ల హరీస్‌ను ఉప్పగా ఒకరు, చక్కెర, నెయ్యి వేసుకుని ఇంకొకరు పొద్దున్నే తింటారు. హలీమ్‌కి మూలం అదే. ఏ వాక్‌లైతే చార్మినార్ చుట్టూ నాలుగు పేరున్న హోటళ్లతో ముగిసిపోతున్నాయో అవి సగం ఊరిని వదిలేస్తున్నాయి. ఇది మాత్రం వాక్‌ల లోపమే.

ఇప్పుడు చట్టం సంగతి. వీధి వ్యాపారుల జీవనోపాధి రక్షణ, వీధి వ్యాపార నియంత్రణ చట్టం 2014లో వచ్చింది. దాని ప్రకారం కనీసం ఐదేళ్లకోసారి వీధి వ్యాపారుల సర్వే జరగాలి. సర్వే ముగిసి సర్టిఫికెట్లు ఇచ్చేదాకా ఎవరినీ లేపడానికి వీల్లేదు. సర్టిఫికెట్ ఉన్నవాళ్లని కదిలించాలంటే 30 రోజుల నోటీసు ఇవ్వాలి. టౌన్ వెండింగ్ కమిటీలో కనీసం 40 శాతం మంది వ్యాపారులే ఉండాలి, వాళ్లను తోటి వ్యాపారులే ఎన్నుకోవాలి. వీటన్నింటికంటే పాతబస్తీకి అక్కరకొచ్చే మాట ఆ చట్టం రెండో షెడ్యూల్‌లో ఉంది. యాభై ఏళ్లకు పైగా వీధి వ్యాపారం సాగుతున్న సహజ మార్కెట్లను హెరిటేజ్ మార్కెట్లుగా ప్రకటించాలి, అక్కడి వ్యాపారులను వేరే చోటికి తరలించకూడదు.

యాభై ఏళ్లు! చార్మినార్ 1591 నాటిది. ఆ నాలుగు కమాన్ల మధ్య, లాడ్ బజార్ మొదట్లో, మక్కా మసీదు ముందు వ్యాపారం ఎన్ని తరాలుగా సాగుతోందో రుజువు చేయడానికి పరిశోధకులు అక్కర్లేదు. పాత ఫొటోలు చాలు. ఈ దేశంలో ఆ హోదాకి ఇంతకంటే తగిన వీధి ఏముంటుంది? గైడ్ నోట హెరిటేజ్ అనే మాట గంటకు పదిసార్లు వస్తుంది కదా. ఆ మాటకి చట్టంలో బండివాడి పేరు మీద ఒక అర్థం ఉందని వాక్‌కి వచ్చినవాళ్లకు చెప్పాలి. అది చెప్పిన రోజున ఫుడ్ వాక్ ఒక పౌర ఉద్యమం అవుతుంది.

దీనికి వచ్చే అభ్యంతరం తెలిసిందే. బండ్లతో రోడ్డు మూసుకుపోతోంది, అంబులెన్స్ కదలదు, చార్మినార్ అందమే కనబడటం లేదు అంటారు. ఇరుకు నిజం, కానీ ఆ ఇరుకుకి ముద్దాయి బండి కాదు. ఒక కారు ఆగే చోట రెండు మూడు తోపుడు బండ్లు పడతాయి, వాటి మీద రెండు మూడు కుటుంబాలు బతుకుతాయి. 2021 అక్టోబరులో ‘ఏక్ షామ్ చార్మినార్ కే నామ్’ పేరుతో ఆదివారం సాయంత్రాలు వాహనాలు ఆపేస్తే జనం పిల్లాపాపలతో వచ్చి రోడ్డు మీద కూర్చున్నారు, తిన్నారు, పాటలు విన్నారు. వాహనాలు తీసేస్తే ఆ చోటు ఎంత విశాలమో అందరూ చూశారు. ఇక చట్టం బండ్లను ఇష్టారాజ్యంగా వదిలేయమని కూడా చెప్పలేదు. గీత గీసి, లెక్క రాసి, చోటు చూపించమంది.

నిజానికి ఈ వాదన గెలవడానికి మనకు ఢిల్లీలో పార్లమెంటు చేసిన ఆ చట్టం కూడా అక్కర్లేదు, మన ఊరి చరిత్రే చాలు. 1908 సెప్టెంబరు 28న మూసీకి వచ్చిన వరద ఈ నగరాన్ని తుడిచిపెట్టింది. ఆ దెబ్బ నుంచి కోలుకోవడానికి 1912లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు ఏర్పాటైంది. ఆ బోర్డు కూడా రోడ్లు వెడల్పు చేసింది, ఇరుకు ఇళ్లను కూల్చింది. కానీ పత్తర్‌గట్టిలో ఏం చేసిందో ఈసారి వెళ్లినప్పుడు తల పైకెత్తి చూడండి. రోడ్డుకి రెండు వైపులా రాతి కమాన్ల వరస, వెనక దుకాణాలు, మధ్యలో నడిచేవాళ్ల కోసం నీడపట్టున దారి. బండి వెళ్లే దారి పెంచుతూనే మనిషి నడిచే దారినీ, వ్యాపారి కూర్చునే చోటునీ అదే ప్లాన్‌లో గీశారు. మే నెల మధ్యాహ్నం కూడా ఆ కమాన్ల కింద మనిషి నడవగలడు. 1930ల్లో అదే బోర్డు కట్టిన మొజంజాహీ మార్కెట్‌లో ఇప్పటికీ ఐస్‌క్రీమ్ కొట్లు నడుస్తున్నాయి, ముందు కుర్చీలేసుకుని జనం కూర్చుంటున్నారు.

ఆ తర్వాత మనం వేసిన రోడ్లను దీంతో పోల్చి చూస్తే నాకు బాధ కలుగుతుంది. నగరం పడమటికి పెరిగిన కొద్దీ నడక మాయమైంది. ఎనిమిది వరసల రోడ్డు పక్కన రెండడుగుల ఫుట్‌పాత్, దాని మీద ట్రాన్స్‌ఫార్మర్, అది దాటితే బైకులు. పక్క సందులోని టీ కొట్టుకి కూడా బండి తీయాల్సిన కాలనీల్లో బతుకుతున్నాం కాబట్టే, వీధిలో నడుస్తూ తినడం అనే మామూలు సుఖాన్ని ఇవాళ టికెట్ కొనుక్కుని అనుభవిస్తున్నాం. నడవడానికి వీలున్న చోటే చిన్న వ్యాపారం బతుకుతుంది. నడిచేవాడు ఆగుతాడు, వాసన చూస్తాడు, పది రూపాయలు తీస్తాడు. నలభై కిలోమీటర్ల వేగంతో పోయేవాడికి సమోసా బండి కంటికి కూడా ఆనదు. పాతబస్తీలో ఇంకా అన్ని రుచులు మిగిలున్నాయంటే నవాబుల వైభవం కంటే, అక్కడ మనుషులు ఇంకా కాలినడకన బతుకుతున్నారన్నదే పెద్ద కారణం.

ఇప్పుడు ఆ నడక దారే మారబోతోంది. ఎంజీబీఎస్ బస్టాండు నుంచి చాంద్రాయణగుట్ట దాకా ఏడున్నర కిలోమీటర్ల మెట్రోకి 2024 మార్చిలో ఫలక్‌నుమా దగ్గర శంకుస్థాపన జరిగింది. దారుల్‌షిఫా, పురానీ హవేలీ, షాలిబండ మీదుగా ఆ దారి పోతుంది. చదరపు గజానికి 81 వేల రూపాయల చొప్పున పరిహారం నిర్ణయించి 2025 జనవరిలో చెక్కుల పంపిణీ మొదలుపెట్టారు, కూల్చివేతలూ మొదలయ్యాయి. పాతబస్తీకి మెట్రో రావాల్సిందే. మిగతా నగరానికి వచ్చి ఏళ్లయినా వాళ్లను ఆపి ఉంచడం అన్యాయమే అయింది. నా ఆందోళన అద్దెకున్నవాళ్ల గురించి. గజాల లెక్కన డబ్బు సొంతదారుకి వెళ్తుంది. ఆ మడిగెలో అద్దెకి భట్టీ నడిపే మనిషికి, అతని దగ్గర పిండి కలిపే కుర్రాడికి, అరుగు మీద చాయ్ అమ్మే ముసలాయనకి ఏం వెళ్తుంది? 2013 భూసేకరణ చట్టం ఆ ప్రాంతంలో మూడేళ్లుగా పనిచేస్తూ ఉపాధి కోల్పోయే కౌలుదార్లను, అద్దెదార్లను, చేతివృత్తులవాళ్లను కూడా బాధిత కుటుంబాలుగానే లెక్కించమంది. పాతబస్తీ వంటవాళ్ల విషయంలో ఈ మాటని అక్షరాలా అమలు చేయమని గట్టిగా అడగాలి.

వాక్ నడిపేవాళ్లు తమవంతుగా వెంటనే చేయగలిగినవి కొన్ని ఉన్నాయి. గైడ్లుగా షాలిబండ, హుస్సేనీ ఆలం, లాల్ దర్వాజా పిల్లల్ని పెట్టుకోండి. డిగ్రీ చదివి డెలివరీ బైకులు నడుపుతున్న కుర్రాళ్లకు ఆ సందుల కథలు మీకంటే బాగా తెలుసు. పదిహేను మందిని ఒక బండి ముందు నిలబెట్టి ఒక్కో ముక్క పంచి ఫొటోలు తీసుకుని పోయినప్పుడు ఆ బండివాడికి దక్కేది ఒక ప్లేటు డబ్బు, పోయేది నాలుగు బేరాలు. మీరు తీసుకున్న రుసుములో అతని వాటా ఎంతో ముందే మాట్లాడుకోండి, వచ్చినవాళ్లకు కూడా చెప్పండి. వాళ్లు అభ్యంతరపెట్టరు, సంతోషిస్తారు. కడుతున్న డబ్బు ఎక్కడికి పోతోందో అడగడం వాక్‌కి వెళ్లేవాళ్ల బాధ్యత కూడా.

ప్రభుత్వం చేయాల్సినది మెట్రో స్టేషన్ల దగ్గర మొదలుపెట్టవచ్చు. సాలార్‌జంగ్ మ్యూజియం, చార్మినార్ పేర్లతో రెండు స్టేషన్లు రాబోతున్నాయి. వాటి చుట్టూ దుకాణాలు ఎవరికివ్వాలన్న ప్రశ్న టెండర్ దాకా వెళ్లిందంటే గెలిచేది పెద్ద కంపెనీల కాఫీ షాపులే. అంతకుముందే ఒక జీవో రావాలి. ఆ రోడ్డు మీద చోటు పోగొట్టుకున్న భట్టీలకు, చిన్న హోటళ్లకు, బండ్లకు మొదటి హక్కు ఇవ్వాలి. కింద పత్తర్‌గట్టి తరహాలో నీడ దారి ఉండాలి, భట్టీకి పొగ గొట్టం, నీళ్లు, మురుగు లైను డిజైన్‌లోనే ఉండాలి. కాంక్రీటు పడ్డాక భట్టీకి చోటు దొరకదు, కాబట్టి అడగాల్సింది డ్రాయింగులు బల్ల మీద ఉన్నప్పుడే.