ఆ నేల ఖాళీగా లేదు

నవంబర్ వచ్చిందంటే మా బంధువుల వాట్సాప్ గ్రూపులో అదే మెసేజ్. 1620లో మేఫ్లవర్ ఓడలో అమెరికా వచ్చినవాళ్లు నల్లబట్టలు, బకిల్ టోపీలతో తిరిగేవారట. ఆడపిల్లలకు పన్నెండేళ్లకే పెళ్లట. ముప్పై అయిదు దాటి ఎవరూ బతకలేదట. పసిపిల్లలు కూడా బీరు తాగేవారట. చివర్లో అసలు మాట: వాళ్లు దిగింది ఎవరూ లేని ఖాళీ నేల మీద, చుట్టుపక్కల తెగలు సంతోషంగా విందుకు వచ్చాయి, అదే థ్యాంక్స్‌గివింగ్. ఈసారి ఆరుగురు పంపారు. న్యూజెర్సీలో ఉన్న మా అక్క కూతురు దాన్ని స్కూలు ప్రాజెక్టులోకి ఎక్కించేసింది. ఇక ఊరుకోలేకపోయాను.

బట్టలా? చనిపోయినవాళ్ల ఆస్తుల జాబితాలు వాళ్లు స్థిరపడ్డ ప్లిమత్‌లో ఉన్నాయి. వాటిలో ఎరుపు, ఊదా రంగు బట్టలూ ఉన్నాయి. బకిల్ టోపీలు తర్వాతి చిత్రకారులు తగిలించినవి. పెళ్లిళ్లు ఎక్కువగా ఇరవై దాటాకే. పసిబిడ్డల చావులు కలిపి తీసిన సగటు పట్టుకుని ముసలివాళ్లే లేరంటే ఎలా? బీరు మాత్రం నిజమే, పిల్లలకు కూడా పలుచటి బీరు పోసేవారు.

ఇక ఆ ఖాళీ నేల. వాళ్లు ఇళ్లు కట్టుకున్నది వాంపనోగ్ అనే అక్కడి తెగవాళ్ల ఊరు పటక్సెట్ మీద. 1616, 1619 మధ్య వచ్చిన మహమ్మారి ఆ ఊరిని తుడిచిపెట్టింది. చదును చేసిన పొలాలు అలాగే మిగిలాయి. ఊళ్లో వాళ్లంతా పోతే ఆ నేల ఎవరిదీ కాకుండా పోతుందా? టిస్క్వాంటమ్ అనే అతను ఆ ఊరివాడే. 1614లో థామస్ హంట్ అనే ఓడ కెప్టెన్ అతన్ని మరికొందరితో కలిపి ఎత్తుకుపోయి స్పెయిన్‌లోని మలాగాలో అమ్మకానికి పెట్టాడు. ఇంగ్లండ్ మీదుగా 1619లో తిరిగొచ్చేసరికి ఇంటి దగ్గర పలకరించే మనిషి లేడు. మొక్కజొన్న నాటేటప్పుడు చేపను ఎరువుగా పాతాలని వలసవాళ్లకు నేర్పింది అతనే. అతని ముందు నిలబడి ఖాళీ నేల అనగలరా? ఓడ వచ్చిన నవంబర్‌లోనే వలసవాళ్లు కేప్ కాడ్ తీరంలో పాతరలు తవ్వి, దాచుకున్న మొక్కజొన్న తీసుకుపోయారు. సమాధులూ తవ్వారు. ఇవన్నీ వాళ్లే రాసుకున్నారు. ఎవరూ లేకపోతే పాతరలు ఎవరు పెట్టినట్టు?

విందు జరిగింది. తొలి చలికాలంలోనే 102 మందిలో దాదాపు సగం మంది పోయారు. 1621 శరదృతువు నాటికి పెళ్లయిన ఆడవాళ్లు నలుగురే మిగిలారు. అప్పుడు వాంపనోగ్ నాయకుడు మస్ససోయిట్ 90 మందితో వచ్చి మూడు రోజులున్నాడనీ, వాళ్లు అయిదు జింకల్ని తెచ్చారనీ వలసవాళ్లలో ఒకడైన ఎడ్వర్డ్ విన్‌స్లో ఉత్తరంలో ఉంది. పిలిచినట్టు మాత్రం అందులో లేదు. మస్ససోయిట్ అంతకుముందే వలసవాళ్లతో ఒప్పందం చేసుకున్నాడు. జబ్బుతో చితికిపోయిన తన జనం మీద పక్క తెగ నర్రగాన్‌సెట్లు పడతారన్న టెన్షన్ అతనిది.

ఒకటి ఒప్పుకుంటాను. ఆ స్నేహమంతా అబద్ధం కాదు. 1623లో మస్ససోయిట్ చావు బతుకుల్లో ఉంటే విన్‌స్లో నడిచి వెళ్లి, నాలుక గీకి శుభ్రం చేసి, సూప్ కాచి తాగించి బతికించాడు. యాభై ఏళ్లకు పైగా ఆ ఒప్పందం నిలబడింది కూడా.

1675లో యుద్ధం వచ్చింది. ఒకవైపు మస్ససోయిట్ కొడుకు మెటాకమ్, మరోవైపు విన్‌స్లో కొడుకు, అప్పటి ప్లిమత్ గవర్నర్ జొసయా. మరుసటి ఏడు మెటాకమ్‌ను చంపి, తలను ప్లిమత్‌లో గుంజకు గుచ్చి ఏళ్ల తరబడి ఉంచారు. పట్టుబడినవాళ్లలో ఎందరినో, పిల్లలతో సహా, వెస్టిండీస్‌కు బానిసలుగా అమ్మారు.

మా అక్క కూతురు ప్రాజెక్టు ఇంకా ఇవ్వలేదట. ఖాళీ నేల అన్నచోట పటక్సెట్ అని రాయమన్నాను.